కందిరీగల లోకంలో హాల్డేన్

ధవళేశ్వరం పరిసరాలలోని పాత పెంకుటిళ్ళలో దూలాల మీద, గోడల మూలలలో, తలుపుల వెనుక వేలెడంత మట్టిగూళ్ళు కనిపిస్తూ ఉంటాయి. సన్నని నడుము, పసుపుపచ్చని కాళ్ళు గల నల్లని కందిరీగ ఒకటి కాలువగట్టు తడి నుండి వండ్రుమట్టిని చిన్న చిన్న ఉండలుగా నోట కరచుకొని వచ్చి ఆ గూటిని నిర్మిస్తుంది. ఇంటివారు చీపురుతో దానిని రాల్చివేస్తారు. మరునాడు అది మళ్ళీ మొదలుపెడుతుంది. ఇటువంటి సామాన్య దృశ్యాలలో శాస్త్రానికి తగిన సమస్యలు దాగి ఉన్నాయని, వాటిని పరిశీలించడానికి ఖరీదైన పరికరాలకంటె ఓర్పుగల కన్నులు ముఖ్యమని భారతీయ యువకులకు బోధించిన మహాశాస్త్రవేత్త జె.బి.యస్. హాల్డేన్. ఆంగ్లదేశంలో పుట్టి, భారతీయుడై, ఒరిస్సాలో కన్నుమూసిన ఆయన భౌతికకాయం చివరకు గోదావరి డెల్టాలోని కాకినాడకు చేరింది. ధవళేశ్వరం వద్ద బయలుదేరిన కాలువ నీరు చేరే ఊరే అది.

జాన్ బర్డన్ శాండర్సన్ హాల్డేన్ 1892 నవంబరు 5వ తేదీన ఆక్స్‌ఫర్డ్ నగరంలో జన్మించారు. తండ్రి జాన్ స్కాట్ హాల్డేన్ ప్రసిద్ధ శరీరధర్మ శాస్త్రవేత్త. గనులలో, కర్మాగారాలలో విషవాయువుల వలన శ్రామికులు ఎలా మరణిస్తున్నారో తెలుసుకోవడానికి ఆయన తన శరీరాన్నే ప్రయోగశాలగా మార్చుకొన్నారు. కుమారుని కూడా చిన్ననాటనే బొగ్గుగనిలోనికి తీసుకొనిపోయారు. గని కప్పు దగ్గర చేరిన తేలికపాటి వాయువును పీలుస్తూ, షేక్స్‌పియర్ నాటకంలోని ఒక ప్రసంగాన్ని నిలబడి చదువవలసిందిగా ఆ బాలుని ఆదేశించారు. కొద్దిసేపటిలోనే బాలుడు తూలి కింద పడిపోయాడు. నేలబారున ఆ వాయువు లేకపోవడంచేత మళ్ళీ తేరుకొన్నాడు. వినడంకంటె అనుభవించి తెలుసుకోవడం మేలన్న పాఠం ఆయనకు అలా ప్రారంభమయింది.

ఈటన్ పాఠశాలలోను, ఆక్స్‌ఫర్డ్‌లోని న్యూ కళాశాలలోను చదివిన హాల్డేన్ గణితంలోను, ప్రాచీన గ్రీకు, లాటిన్ వాఙ్మయంతో కూడిన చదువులోను ప్రథమశ్రేణి సాధించారు. ఆధునిక జీవశాస్త్రానికి పునాదులు వేసినవారిలో ఒకరైన ఈయనకు విజ్ఞానశాస్త్రంలో పట్టా లేదన్న సంగతి ఆశ్చర్యం కలిగిస్తుంది. మొదటి ప్రపంచయుద్ధంలో సైన్యంలో చేరి ఫ్రాన్సులోను, మెసపొటేమియాలోను పోరాడి గాయపడ్డారు. చికిత్స కోసం ఆయనను భారతదేశానికి పంపారు. ఈ దేశం ఆయనకు నచ్చింది. పాలకులకు, ప్రజలకు మధ్యనున్న అగాధం నచ్చలేదు. భారతీయులతో సమానునిగా మెలగగలిగిన నాడే తిరిగి రావాలని ఆనాడే నిశ్చయించుకొన్నారు. ఆ నిశ్చయం నెరవేరడానికి సుమారు నలభై సంవత్సరాలు పట్టింది.

యుద్ధానంతరం ఆయన ఆక్స్‌ఫర్డ్‌లోను, 1923 నుండి కేంబ్రిడ్జిలోను, 1933 నుండి లండన్ యూనివర్సిటీ కళాశాలలోను పనిచేశారు. డార్విన్ చెప్పిన ప్రకృతివరణానికి, మెండెల్ కనుగొన్న అనువంశిక సూత్రాలకు పొంతన కుదరదని ఆ రోజులలో చాలామంది భావించేవారు. ఆ రెండింటిని గణితంతో ముడివేసి, ఒక జన్యువు తరతరాలకు ఎంత వేగంగా వ్యాపించగలదో లెక్కకట్టి చూపిన ముగ్గురిలో హాల్డేన్ ఒకరు. మిగిలిన ఇద్దరు ఫిషర్, స్యూయల్ రైట్. 1932లో ఆయన రాయల్ సొసైటీ సభ్యులయ్యారు. 1939లో థెటిస్ అనే జలాంతర్గామి మునిగి 99 మంది మరణించినప్పుడు, దాని నుండి మనుష్యులు ఎందుకు తప్పించుకోలేకపోయారో తెలుసుకోవడానికి ఇరుకైన ఇనుపగదిలో తానే కూర్చొని ప్రాణాపాయకరమైన ప్రయోగాలు చేశారు. అటువంటి ప్రయోగాలలోనే ఆయన వెన్నెముకకు గాయమయింది. ఆ నొప్పి జీవితాంతం ఆయనను వీడలేదు.

పరులకోసం ప్రాణాన్ని పణంగా పెట్టే గుణం ప్రకృతిలో ఎలా నిలిచి ఉన్నదన్న ప్రశ్న కూడా ఆయనను ఆకర్షించింది. వరదనీటిలో కొట్టుకొనిపోతున్న ఒక బిడ్డను రక్షించడానికి ఒకడు దూకాడని అనుకొందాం. దూకినవాడు మునిగిపోయే అవకాశం పదింట ఒకటి. దూకమని ప్రేరేపించే జన్యువు అతనిలో ఉంటే, అది తరువాతి తరాలలో నిలుస్తుందా? 1955లో వ్రాసిన వ్యాసంలో హాల్డేన్ ఈ లెక్క వేశారు. మునుగుతున్నది సొంతబిడ్డగాని తోబుట్టువుగాని అయితే, ఆ జన్యువు వారిలోను ఉండే అవకాశం సగం. అంటే ఒకటి పోయే చోట ఐదు దక్కుతాయి. మేనల్లుడైతే అవకాశం పావు, దక్కేవి రెండున్నర. మేనబావ వంటి దాయాది అయితే అరపావు మాత్రమే, లాభం అత్యల్పం. ఇంకా దూరపు బంధువైతే నష్టమే ఎక్కువ. తేనెటీగలు, చీమలవంటి సమూహాలలో అందరూ తోబుట్టువులే కనుక ఇటువంటి గుణం నిలవడానికి అక్కడ పరిస్థితులు మరింత అనుకూలమని కూడా ఆయన సూచించారు. అయితే, నీటిలో మునిగిపోతున్నవారిని తాను రెండుసార్లు బయటకు లాగినప్పుడు ఈ లెక్కలు వేసుకొనే తీరిక తనకు లేదని అంగీకరించడం ఆయన నిజాయితీకి నిదర్శనం.

హాల్డేన్ జీవితం విమర్శలకు అతీతమైనది కాదు. ఆయన కమ్యూనిస్టు పార్టీలో పనిచేసిన కాలంలో, సోవియట్ దేశంలో లైసెంకో అనే అధికారబలం గల వ్యక్తి జన్యుశాస్త్రాన్ని అణచివేశాడు. ఎందరో శాస్త్రజ్ఞులు పదవులు పోగొట్టుకొన్నారు. కొందరు ప్రాణాలు సైతం కోల్పోయారు. లైసెంకో వాదంలోని లోపాలను ఎరిగి ఉండికూడా హాల్డేన్ వెంటనే దానిని నిర్ద్వంద్వంగా ఖండించలేకపోయారు. తరువాత పార్టీకి దూరమైనప్పటికీ ఆ సంకోచం ఆయన కీర్తికి మచ్చగా మిగిలింది. చూచినదానిని చూచినట్లు చెప్పడం శాస్త్రవేత్తకు ప్రథమధర్మమైనా, అది ఎంతటివారికైనా అన్నివేళలా సులభం కాదని ఈ ఘట్టం తెలియజేస్తుంది.

1957లో ప్రశాంతచంద్ర మహలనోబిస్ ఆహ్వానంపై హాల్డేన్ తన భార్య, జీవశాస్త్రవేత్త అయిన హెలెన్ స్పర్వేతో కలిసి కలకత్తాలోని భారతీయ గణాంకశాస్త్ర సంస్థలో చేరారు. భారతీయ దుస్తులు ధరించారు, శాకాహారి అయ్యారు, అనంతరం భారత పౌరసత్వాన్ని స్వీకరించారు. విదేశాలలోని పెద్ద ప్రయోగశాలలను అనుకరించడమే పరిశోధన అని భావిస్తున్న యువకులకు ఆయన వేరొక మార్గం చూపారు. ఈ దేశంలో జీవరాశి అపారం. దానిని చూడడానికి కాగితం, కలం, గడియారం ఉంటే చాలునన్నది ఆయన అభిప్రాయం. జీవులను చంపి పెట్టెలలో గ్రుచ్చడానికి బదులు వాటి నడవడిని బ్రతికి ఉండగానే గమనించాలని, అహింసను ఆదరించే ఈ నేలకు అటువంటి పరిశోధన మిక్కిలి తగినదని ఆయన భావించారు. పక్షులను హింస లేకుండా అధ్యయనం చేయడాన్ని గురించి 1959లో ఒక వ్యాసం కూడా ప్రచురించారు. ఆయన ప్రోత్సాహంతో టి.ఎ. డేవిస్ కొబ్బరిచెట్ల ఆకులు కుడివైపు తిరుగుతున్నవా, ఎడమవైపు తిరుగుతున్నవా అని వేలకొలది చెట్లను లెక్కించారు. కోనసీమలో ప్రతి పెరటిలోను ఉన్న చెట్టే అది. అయినా ఆ తేడాను పట్టించుకొన్నవారు అరుదు.

ఆ బృందంలోనివాడే సురేశ్ జయకర్. గణితంలో ఆరితేరిన ఆ యువకుడు హెలెన్ స్పర్వేతో కలిసి మట్టిగూళ్ళు కట్టే కందిరీగలను పరిశీలించాడు. ఒంటరిగా జీవించే ఈ కందిరీగలలో ఆడది మాత్రమే గూడు కడుతుంది. ఒక్కొక్క అరలో సాలెపురుగులనుగాని, జాతిని బట్టి గొంగళిపురుగులనుగాని నింపుతుంది. కొండితో కుట్టి వాటిని చంపదు; కదలలేని స్థితికి తెస్తుంది. అందువలన ఆ ఆహారం కుళ్ళిపోదు. దానిపై గ్రుడ్డు పెట్టి అర మూసివేస్తుంది. గ్రుడ్డు నుండి వచ్చిన పిల్లపురుగు ఆ ఆహారాన్ని తిని పెరిగి, రెక్కలు వచ్చాక మట్టిని తొలుచుకొని వెలుపలికి వస్తుంది. ఆడవాటికంటె మగవి ముందుగా వెలువడడాన్ని గురించి జయకర్ వ్రాసిన పత్రం 1963లో సుప్రసిద్ధమైన నేచర్ పత్రికలో వెలువడింది. పాత గూటి అరలను కందిరీగలు మళ్ళీ వాడుకోవడాన్ని కూడా ఈ పరిశోధకులు నమోదు చేశారు.

మన పెద్దలు భ్రమరకీటక న్యాయమని ఒక మాట చెబుతారు. తుమ్మెద వంటి కీటకం ఒక పురుగును తెచ్చి గూటిలో బంధించి, దాని చుట్టూ ఝంకారం చేయగా చేయగా ఆ పురుగు తానే భ్రమరంగా మారిపోతుందని దాని భావం. ఏకాగ్రచిత్తంతో దేనిని ధ్యానిస్తే అదే అవుతామని చెప్పడానికి వేదాంతులు ఈ దృష్టాంతాన్ని వాడారు. దాని తాత్త్వికార్థం అలా ఉండగా, దానికి ఆధారమైన దృశ్యం మాత్రం నిజమైనదే. పురుగు లోపలికి పోవడం, కొంతకాలానికి కందిరీగ వెలికి రావడం పూర్వులు కన్నులారా చూశారు. నడుమ మూసిన అరలో జరిగినది మాత్రం వారికి కనబడలేదు. అరను తెరచి రోజురోజుకూ చూచినవారికి మారినది పురుగు కాదని, దానిపై ఉన్న గ్రుడ్డే కందిరీగ అయినదని తెలిసింది. చూచినదానికి, ఊహించినదానికి నడుమనున్న ఆ చిన్న ఎడమే శాస్త్రానికి చోటు.

ఒంటరి కందిరీగలు మనిషి జోలికి రావడం అరుదు. గుంపులుగా జీవించే పెద్ద కందిరీగల సంగతి వేరు. ఇవి ఎండుకర్రను గోకి, నమిలి, ఆ గుజ్జుతో కాగితం వంటి గూటిని చెట్ల కొమ్మలమీద, గోడ కంతలలో, ఒక్కొక్కసారి నేలలోని బొరియలలో కడతాయి. మన దేశంలో కనిపించే వాటిలో రెండు జాతులను పొట్టమీది పట్టీనిబట్టి గుర్తుపట్టవచ్చు. పొట్టలోని మొదటి ఖండం ముదురురంగులో ఉండి, రెండవ ఖండం మాత్రమే పసుపుపచ్చగా ఉంటే అది వెస్పా ట్రోపికా. మొదటి రెండు ఖండాలు పసుపు లేక నారింజ రంగులో ఉండి తక్కినది నల్లగా ఉంటే అది వెస్పా అఫినిస్. వీటిలో వెస్పా ట్రోపికా చిన్న కందిరీగల గూళ్ళపై దాడి చేసి, అందులోని పిల్లపురుగులను తన గూటికి మోసుకొనిపోతుంది. పెరిగిన కందిరీగలు ముఖ్యంగా పూలతేనె, పండ్లరసం వంటి తియ్యని ద్రవాలను త్రాగుతాయి. మాంసాహారం కావలసినది పిల్లలకే. పంటలను తినే పురుగులను కూడా ఇవి వేటాడుతాయి కనుక రైతుకు ఇవి కేవలం శత్రువులు కావు.

కందిరీగలలో కొండి ఆడవాటికే ఉంటుంది. గ్రుడ్లు పెట్టే అవయవమే క్రమంగా కొండిగా మారడం ఇందుకు కారణం. తేనెటీగ మనలను ఒకసారి కుడితే కొండి చర్మంలో చిక్కుకొని తెగిపోతుంది. కందిరీగ అదే కొండితో మళ్ళీ మళ్ళీ కుట్టగలదు. గూటికి దూరంగా ఆహారం వెదకుతున్న కందిరీగ సాధారణంగా దాడి చేయదు. గూటికి అపాయం కలిగినప్పుడు మాత్రం వెలువడే ఒక రసాయనపు వాసన తక్కినవాటిని పిలుస్తుంది. అందుచేత గూటిపై రాళ్ళు రువ్వడం, పొగబెట్టడం ప్రమాదకరం. చేతులు విసరకుండా త్వరగా దూరంగా వెళ్ళిపోవడమే మేలు. ఎక్కువ కాట్లు పడినా, ఊపిరి అందకపోయినా, ముఖం వాచినా క్షణం ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి తీసుకొనిపోవాలి.

గూటిని కాపాడే ఈ ఆడ కందిరీగలు సాధారణంగా సంతానం కనవు. తల్లి కన్న బిడ్డలను పెంచడంలోనే వాటి బ్రతుకు గడిచిపోతుంది. హాల్డేన్ వరదనీటి లెక్కతో తాకి వదలిన ప్రశ్న ఇదే. 1964లో హామిల్టన్ అనే యువ ఆంగ్ల శాస్త్రజ్ఞుడు దానిని విస్తృత సిద్ధాంతంగా మలిచాడు. చీమలు, తేనెటీగలు, కందిరీగలలో మగవి ఫలదీకరణం చెందని గ్రుడ్ల నుండి పుడతాయి; వాటికి తండ్రి ఉండదు. అటువంటి మగదాని జన్యువులన్నీ దాని కూతుళ్ళందరికీ ఒకే విధంగా సంక్రమిస్తాయి. కనుక ఒకే తల్లికి, ఒకే తండ్రికి పుట్టిన అక్కచెల్లెళ్ళ జన్యువులలో తండ్రివైపు నుండి అర, తల్లివైపు నుండి పావు, మొత్తం ముప్పావు వంతు కలుస్తాయి. తల్లీబిడ్డల మధ్య కలిసేది సగమే. చెల్లెళ్ళను పెంచే త్యాగానికి ఇది ఒక కారణం కావచ్చునని ఆయన సూచించాడు. రాణి అనేక మగవాటితో జత కట్టినప్పుడు ఈ లెక్క తగ్గిపోతుందని, శత్రుభయం, ఆహారలభ్యత వంటి ఇతర కారణాలు కూడా ఉన్నాయని తరువాతి పరిశోధనలు తేల్చాయి. బెంగుళూరులో రాఘవేంద్ర గడగ్‌కర్ బృందం రొపాలిడియా అనే చిన్న కందిరీగపై దశాబ్దాలపాటు చేసిన పరిశీలనలు ఈ చర్చను మరింత ముందుకు నడిపించాయి.

బంధుత్వాల లెక్క హాల్డేన్‌ను తెలుగునేలకు కూడా చేరువ చేసింది. పిఠాపురంలో జన్మించిన ద్రోణంరాజు కృష్ణారావు కలకత్తాలో ఆయన శిష్యులయ్యారు. మేనమామ మేనకోడలిని వివాహమాడే ఆచారం, మేనరికాలు ఆంధ్రదేశంలో ఎంతగా ఉన్నాయో, సంతానంపై వాటి ప్రభావమెట్టిదో కృష్ణారావు, మీరాఖాన్ పరిశీలించి 1960 తరువాతి సంవత్సరాలలో ప్రకటించారు. మానవసంబంధాలను లెక్కించి వర్గీకరించే పత్రాన్ని 1962లో హాల్డేన్, జయకర్ కలిసి వెలువరించారు. పావు, అరపావు అని మనం బజారులో వాడే కొలతలే కుటుంబంలోని బాంధవ్యాన్ని, కందిరీగల గూటిలోని బాంధవ్యాన్ని కూడా కొలవగలవని వీరి కృషి నిరూపించింది. గురువుగారి జీవితచరిత్రను కృష్ణారావు అనంతరకాలంలో గ్రంథస్థం చేశారు. ఆయన 2020లో మరణించారు.

హాల్డేన్ 1961లో కలకత్తా సంస్థను వీడి, 1962లో ఒరిస్సా ప్రభుత్వ సహకారంతో భువనేశ్వర్‌లో జన్యుశాస్త్ర, జీవగణిత ప్రయోగశాలను స్థాపించారు. ఆ పని వేరూనక ముందే ఆయనకు క్యాన్సర్ సోకింది. లండన్‌లో శస్త్రచికిత్స జరిగింది. ఆసుపత్రి మంచం మీది నుండే ఆయన తన వ్యాధిపై హాస్యకవిత వ్రాసి ప్రచురించారు. జనులు భయపడి దాచిపెట్టే రోగాన్ని బయటికి చెప్పి సకాలంలో వైద్యుని ఆశ్రయించాలన్నదే ఆ హాస్యం వెనుకనున్న ఉద్దేశం. అయినా వ్యాధి తగ్గలేదు. 1964 డిసెంబరు 1వ తేదీన, తన 72వ ఏట, భువనేశ్వర్‌లో ఆయన పరమపదించారు.

మరణానంతరం కూడా తన శరీరం విద్యార్థుల అధ్యయనానికి ఉపయోగపడాలని హాల్డేన్ మరణశాసనంలో వ్రాశారు. ఆయన కోరిన ప్రకారం ఆ కాయాన్ని 1958లో స్థాపించబడిన కాకినాడ రంగరాయ వైద్య కళాశాలకు అప్పగించారు. శరీరదానం అనే మాట సామాన్యులకు వినబడని రోజులవి. దహనమో ఖననమో జరుగకుంటే సద్గతి లేదన్న విశ్వాసం బలంగా ఉన్న సమాజంలో, ఒక విశ్వవిఖ్యాతుడు తన దేహాన్ని తెలుగు వైద్యవిద్యార్థుల ముందు పాఠ్యగ్రంథంలా ఉంచాడు. గనిలో విషవాయువును పీల్చిన బాల్యం నుండి, ఇనుపగదిలో వెన్ను విరుచుకొన్న నడివయస్సు మీదుగా, శవపరీక్ష బల్ల వరకు ఆ శరీరం శాస్త్రం కోసమే పనిచేసింది.

రాణి కాకపోయినా తన గూటికోసం కడదాకా శ్రమించే కందిరీగకు ఆ త్యాగం జన్యువుల ఫలం. దానికి ఎంపిక లేదు. హాల్డేన్‌కు ఎంపిక ఉంది. రక్తసంబంధం అరపావైనా లేని ప్రజలను ఆయన తనవారిగా ఎంచుకొన్నారు. వరదనీటి లెక్కకు అందని బంధుత్వం అది. ధవళేశ్వరంలోనైనా, మరే ఊరిలోనైనా గోడమీది మట్టిగూటిని చీపురుతో రాల్చివేసే ముందు ఒక్క గంట ఆగి, దానిలోనికి ఏమి పోతున్నదో, ఎన్నిసార్లు పోతున్నదో వ్రాసుకొనే విద్యార్థి ఆయన చూపిన మార్గంలో మొదటి అడుగు వేసినవాడవుతాడు.